నల్లమలలో పులుల లెక్క: బీటు నడక నుంచి కెమెరా కార్డు దాకా

పులుల లెక్క అనగానే అడవిలోకి వెళ్లి పులిని చూసి అంకె వేసుకొస్తారని అనుకునేవాళ్లు ఇంకా చాలామందే ఉన్నారు. నల్లమలలో సర్వేకు నడిచేవాళ్లలో ఎక్కువమందికి పులి కనిపించదు. కనిపించేవి వాగు ఇసుకలో అడుగులు, బండ్లబాట మధ్యలో గోకిన మట్టి, ఆకుల కింద జింక పెంటికలు. వాటిని రాయడం ఎంత ముఖ్యమో, ఎంత దూరం నడిచి, ఎంత జాగా వెతికి రాశామన్నది తప్పకుండా నమోదు చేయడం అంతకన్నా ముఖ్యం. ఈ సర్వేలో నేను నేర్చుకున్నదంతా ఆ ఒక్క విషయం చుట్టూనే తిరుగుతుంది.

దేశమంతటా ఈ లెక్క 2006 నుంచి నాలుగేళ్లకోసారి జరుగుతోంది. జాతీయ పులుల సంరక్షణ ప్రాధికార సంస్థ, డెహ్రాడూన్‌లోని భారత వన్యప్రాణి సంస్థ, రాష్ట్రాల అటవీ శాఖలు కలిసి చేస్తాయి. అంతకు ముందు అడుగుజాడలను గాజు పలక మీద గీసుకుని, ప్లాస్టర్ పోసి అచ్చు తీసి, ఆకారాన్ని బట్టి ఇది ఫలానా పులి అని లెక్కించేవారు. ఒకే పులి అడుగు మెత్తటి బురదలో ఒకలా, పలుచటి దుమ్ములో ఇంకోలా పడుతుంది. దాంతో ఒకదాన్ని రెండుగా, రెంటిని ఒకటిగా రాసేసే ప్రమాదం ఎప్పుడూ ఉండేది. 2005లో రాజస్థాన్‌లోని సరిస్కాలో పులి ఒక్కటి కూడా మిగల్లేదని బయటపడ్డాక ఆ పద్ధతిని పక్కన పెట్టేశారు. కొత్త పద్ధతిలో 2006లో వచ్చిన అంచనా 1,411. 2022 లెక్కలో సగటు అంచనా 3,682.

కొత్త పద్ధతి కిటుకు ఇది. అడవిలో ప్రతి బీటునూ, అంటే ఒక బీట్ ఆఫీసర్ కింద ఉండే అడవి ముక్కను, సిబ్బంది కాలినడకన తిరిగి మాంసాహార జంతువుల గుర్తులు, వాటికి ఆహారమయ్యే జంతువులు, చెట్టూ చేమా, మనుషుల ఒత్తిడి నమోదు చేస్తారు. ఉపగ్రహ చిత్రాల సమాచారం దీనికి తోడవుతుంది. పులులున్న ముఖ్యమైన చోట్ల కెమెరాలు పెట్టి ఒక్కో పులినీ చారల ద్వారా గుర్తిస్తారు. కెమెరాలు చెప్పిన సంఖ్యకూ, నడిచి రాసిన గుర్తులకూ ఉన్న సంబంధాన్ని పట్టుకుని, కెమెరాలు లేని చోట కూడా అంచనా కడతారు. అంటే పులి లేదనుకునే మూలబీటులో నింపిన ఖాళీ ఫారానికి కూడా ఆ లెక్కలో పాత్ర ఉంది.

నల్లమలకు పులుల అభయారణ్యం హోదా 1983లో వచ్చింది. 2014లో రాష్ట్రం విడిపోయాక కృష్ణకు ఇటు నాగార్జునసాగర్–శ్రీశైలం, అటు అమ్రాబాద్ రిజర్వులయ్యాయి. రెండు వైపులా అడవి తీరు ఒకటే: ఎండాకాలం ముందు ఆకు రాల్చేసే పొడి అడవి, రాతి గుట్టలు, లోతైన వాగులు, అక్కడక్కడా చెలమలు. సర్వే చలికాలంలో మొదలవుతుంది. ఆకు రాలే కొద్దీ చూపు దూరం పెరుగుతుంది, నేల మాత్రం ఆకులతో కప్పుకుపోతుంది. ఒకే రేంజిలో, అంటే కొన్ని బీట్లు కలిసిన అటవీ విభాగంలో, కొన్ని బీట్లు ముందు, కొన్ని నెల తర్వాత చేస్తే ఈ తేడా లెక్కల్లోకి చొరబడుతుంది. అందుకే అన్ని బీట్లూ ఒకే వారంలో చేయమంటారు.

ముందురోజు సామాన్లు చూసుకోవాలి. బీటు మ్యాపు, నడిచిన దారి, సర్వే వివరాలు నమోదు చేసే ఎం-స్ట్రైప్స్ యాప్ వేసిన ఫోను, పవర్ బ్యాంకు, కాగితపు ఫారాలు, దిక్సూచి, దూరం కొలిచే లేజర్ రేంజ్‌ఫైండర్, కొలత గుర్తులున్న తాడు, 30 సెంటీమీటర్ల స్కేలు, పెన్సిళ్లు. తెల్లవారుజామున మంచుకు కాగితం తడుస్తుంది, పెన్ను రాత అలుక్కుపోతుంది, అందుకే పెన్సిలే. లోపల సిగ్నల్ ఉండదు కాబట్టి యాప్‌లో మ్యాపు, ఫారాలు ముందే దింపుకోవాలి. దిక్సూచిని ఫోనుకూ, కొడవలికీ దూరంగా పట్టుకుని చూడాలి. ఇనుము పక్కనుంటే ముల్లు పక్కకు లాగుతుంది, ఆ తప్పు తర్వాత ఎవరికీ పట్టుబడదు. జట్టుకు ముగ్గురు సరిపోతారు. బీట్ ఆఫీసర్, రాసేవాళ్లొకరు, బేస్ క్యాంపు వాచర్ ఒకరు. నల్లమలలో ఆ వాచర్లు చాలావరకు చెంచులే. ఎక్కడ ఏ జంతువు నడుస్తుందో వాళ్లకు తెలిసినంత ఏ మ్యాపుకూ తెలియదు. దారి ఎంపిక దగ్గర్నుంచే వాళ్లను కూర్చోబెట్టుకోవాలి తప్ప, నీళ్ల డబ్బాలు మోయించడానికి మాత్రమే తీసుకెళ్లకూడదు.

మొదటి మూడు రోజులు మాంసాహార జంతువుల గుర్తుల సర్వే. బీటులో రోజుకు సుమారు 5 కిలోమీటర్ల చొప్పున, మొత్తం కనీసం 15 కిలోమీటర్లు నడవాలి. పులీ చిరుతా ముళ్లపొదల్లో పడి నడవవు, మనలాగే సాఫీ దారినే పోతాయి. కాబట్టి బండ్లబాటలు, వాగు గర్భాలు, గుట్టల మధ్య కనుమలు, నీటి చెలమకు వెళ్లే కాలిబాటలు ఎంచుకోవాలి. మూడు దారులూ బీటులో వేర్వేరు వైపులకు వెళ్లాలి. ఇక్కడే ఎక్కువగా దెబ్బతింటాం. బేస్ క్యాంపు నుంచి బయల్దేరి మళ్లీ అక్కడికే తేలే మూడు దారులు ఎంచుకుంటే బీటులో సగం ఎవరూ చూడనట్టే.

పొద్దున్నే మొదలుపెట్టాలి. ఎండ ఏటవాలుగా పడేటప్పుడు అడుగు అంచుల్లో నీడ నిలుస్తుంది, నడినెత్తికి వచ్చాక అదే అడుగు కళ్లెదుట ఉన్నా కనిపించదు. పశువులు, బండ్లు తిరగడం మొదలైతే అసలు మిగలదు. దారి మొదట్లో యాప్‌లో ట్రాక్ ఆన్ చేయడం, చివర ఆపడం మర్చిపోకూడదు. ట్రాక్ ఆపకుండా జీపెక్కి క్యాంపుకు వస్తే 5 కిలోమీటర్ల నడక 14 కిలోమీటర్లని నమోదవుతుంది. 5 కిలోమీటర్లలో రెండు గుర్తులంటే కిలోమీటరుకు 0.4. అవే రెండు గుర్తులు 14 కిలోమీటర్లకంటే 0.14. అడవిలో ఏమీ మారకుండానే పులి జాడ మూడో వంతుకు పడిపోతుంది.

అడుగు కనిపిస్తే ముందు దాన్ని తొక్కకుండా ఆగాలి. ఒక అడుగు చూసి నిర్ణయానికి రాకూడదు. ముందుకీ వెనక్కీ నాలుగైదు అడుగులు వెతికి, వాటిలో స్పష్టమైనదాని పక్కన స్కేలు పెట్టి నిట్టనిలువుగా పైనుంచి ఫోటో తీయాలి. పిల్లిజాతి అడుగులో నాలుగు వేళ్లు, వెనక మెత్తకు కింది అంచున మూడు తమ్మెలు ఉంటాయి. గోళ్లు లోపలికి ముడుచుకుంటాయి కాబట్టి గోటి గుర్తు మామూలుగా పడదు. రేసుకుక్కకూ దుమ్ములగొండికీ గోళ్లు పడతాయి. దుమ్ములగొండి ముందు పాదం వెనకదానికంటే బాగా పెద్దది కాబట్టి జతలో చూస్తే వెంటనే తెలుస్తుంది. ఎదిగిన పులి అడుగుకూ చిరుత అడుగుకూ పరిమాణంలో తేడా ఉంటుంది. చిక్కంతా పులిపిల్ల దగ్గరే. దాని అడుగు చిరుతంత ఉంటుంది, కానీ వేళ్లు, మెత్త దాని సైజుకు మించి బొద్దుగా ఉంటాయి. చుట్టుపక్కల తల్లి అడుగు కూడా దొరుకుతుంది. దొరకకపోతే, తేల్చుకోలేకపోతే, ఫారంలో తేలలేదనే రాయాలి. ఫోటో ఉంది కాబట్టి పైవాళ్లు చూస్తారు. ఊహించి పులి అని రాస్తే ఆ ఊహ చివరిదాకా వాస్తవంగానే ప్రయాణిస్తుంది.

బురద గురించి ఒక మాట. తడి మట్టిలో పడి ఆరిన అడుగు నిజం కంటే పెద్దగా కనిపిస్తుంది, అంచులు విచ్చుకుంటాయి. ఇసుకలో అంచులు కూలిపోతాయి. పల్చటి దుమ్ము గట్టి నేల మీద పరుచుకున్న చోట పడినదే నమ్మదగ్గ అడుగు. అలాంటి చోట పులి కూర్చున్నా, తోక ఆనించినా గుర్తు పడుతుంది.

మలం విషయంలో పులిదానికంటే చిరుతదానిలో మెలికలు, నొక్కులు దగ్గరదగ్గరగా ఉంటాయి. రెంటిలోనూ వెంట్రుకలు, ఎముక ముక్కలు కనిపిస్తాయి. ఎలుగుబంటిది ముద్దగా ఉండి గింజలు, చెదపురుగుల తలలు తేలుతాయి. తాజాదా, పాతదా, బాగా పాతదా అన్నది తప్పకుండా రాయాలి. ఒకే పులి అర కిలోమీటరు బాట వెంట నడిస్తే ఆ వరుసంతా ఒక గుర్తు. అడుగడుక్కీ ఒక ఎంట్రీ చేస్తే బీటులో లేని పులులు పుట్టుకొస్తాయి. 5 కిలోమీటర్లలో ఏమీ దొరకని రోజు ఫారం నింపడానికి చాలామందికి చేయి రాదు. ఆ సున్నా కావాలి. అది లేకపోతే గుర్తులు దొరికిన బీట్లే లెక్కలో మిగిలి, అడవి ఉన్నదానికంటే నిండుగా కనిపిస్తుంది.

తర్వాతిది ట్రాన్సెక్ట్ లైను, అంటే పులికి ఆహారమయ్యే జంతువులను లెక్కించడానికి నడిచే గీత. ఇది గుర్తుల దారికి పూర్తిగా తలకిందులు. అక్కడ జంతువు నడిచే చోటు వెతుక్కున్నాం. ఇక్కడ కనీసం 2 కిలోమీటర్ల తిన్నని గీత, అది ఎక్కడ పడితే అక్కడే నడక. బాట వెంబడి గీస్తే పనికిరాదు, ఎందుకంటే దుప్పులు బాట పక్క గడ్డికి చేరతాయి, కొన్ని బాటకు దూరంగా తప్పుకుంటాయి. రెండూ లెక్కను వంకర చేస్తాయి. నడిచే రోజుకు కొంత ముందే లైను కొట్టి, చెట్లకు రంగు గుర్తులు వేసి వదిలేయాలి. మనిషి చప్పుడు లేకుండా దూరేంత తావు చాలు. పొదలు వెడల్పుగా నరికితే అదొక కొత్త బాటవుతుంది, పశువులు దాన్నే పట్టుకుంటాయి.

మూడు వేర్వేరు ఉదయాలు అదే లైను నడవాలి. తెల్లవారగానే మొదలుపెట్టి ఎండ ముదరకముందే ముగించాలి. ఇద్దరు చాలు. మాటలొద్దు, తెల్ల చొక్కా వద్దు. టేకు, నల్లమద్ది ఎండుటాకుల్లో కాలు పెడితే అప్పడాలు విరిచినట్టు చప్పుడవుతుంది. అందుకే మడమ ముందు ఆనించి, కొన్ని అడుగులకోసారి ఆగి రెండు వైపులా చూస్తూ పోవాలి. నేల చూస్తూ నడిస్తే 30 మీటర్ల అవతల కదలకుండా నిలబడ్డ కణితిని (సాంబర్ జింకను) దాటేస్తాం.

జంతువు కనిపించిన క్షణంలో నాలుగు విషయాలు కావాలి: ఏ జంతువు, గుంపులో ఎన్ని, మన దగ్గర్నుంచి గుంపు నడిమధ్యకు దూరం, దిక్సూచిలో అది ఉన్న దిక్కు. లైను దిక్కు ముందే తెలుసు. రెండు దిక్కుల తేడాయే కోణం. దుప్పుల గుంపు 60 మీటర్ల దూరంలో, లైనుకు 30 డిగ్రీల కోణంలో ఉందనుకుందాం. 30 డిగ్రీల సైను విలువ 0.5. కాబట్టి లైను నుంచి గుంపుకు లంబ దూరం 30 మీటర్లు. లెక్కకు కావలసింది ఈ లంబ దూరమే. లైనుకు దగ్గరున్నవి దాదాపు అన్నీ కనిపిస్తాయి, దూరం పెరిగే కొద్దీ కొన్ని తప్పిపోతాయి. ఎంత దూరంలో ఎన్ని తప్పిపోతున్నాయో ఈ దూరాల వరుసే చెబుతుంది. దాన్నుంచి చదరపు కిలోమీటరుకు ఎన్ని అన్నది తేలుతుంది. దూరం పెరిగే కొద్దీ కనిపించడం ఎలా తగ్గుతుందో చూపే వంపు సరిగా గీయడానికి ఒక్కో జాతికి కనీసం 60 నుంచి 80 సార్లు కనిపించడం కావాలి. ఒక్క బీటులో అన్ని రావు. అందుకే చాలా బీట్ల సమాచారం కలుపుతారు, అందుకే అందరూ ఒకేలా కొలవాలి.

ఈ దూరాలు మూడు చోట్ల చెడతాయి. ఒకటి, రేంజ్‌ఫైండర్ కిరణం ముందున్న గడ్డికో కొమ్మకో తగిలి 12 మీటర్లని చూపిస్తుంది. జంతువు పక్కనున్న చెట్టు మొదలుకు గురిపెడితే సరైన దూరం వస్తుంది. రెండు, జంతువు బెదిరి పారిపోయాక ఆగిన చోటికి కొలుస్తారు. మనం మొదట చూసినప్పుడు అది ఉన్న చోటే కావాలి. మూడోది అన్నిటికన్నా పెద్దది, కంటి అంచనాతో 50, 100 అని గుండు అంకెలు రాయడం. ఫారాలన్నీ ఒకచోట పేర్చితే 48, 53 ఉండవు, 50లే గుట్టగా ఉంటాయి. లైనుకు కాస్త పక్కన ఉన్నవాటికి లైను మీదే ఉన్నట్టు సున్నా రాసేయడం కూడా ఇలాంటిదే. దగ్గర దూరాల్లో తప్పు పడితే మొత్తం సాంద్రత పెరిగిపోతుంది లేదా పడిపోతుంది.

పులినో చిరుతనో చూసి కొండముచ్చు వేసే కేక వినిపిస్తే కాళ్లు అటు లాగుతాయి. లైను వదలకూడదు. తిరిగి వచ్చేటప్పుడు కనిపించినవి ఈ ఫారంలోకి రావు. ఎంత మంచి మనుబోతు (నీల్గాయ్) గుంపైనా సరే, వేరే పుస్తకంలో రాసుకోవాలి.

మూడు ఉదయాలూ అయ్యాక అదే లైను మీద ప్రతి 400 మీటర్లకు ఆగి నేలా చెట్టూ చూడాలి. ముందే చేస్తే మన తిరుగుడుకు జంతువులు జరిగిపోతాయి. 15 మీటర్ల వ్యాసార్ధంలో ఎక్కువగా ఉన్న చెట్లను, పొదలను ఎక్కువ తక్కువల వరుసలో రాయాలి. తాడు పట్టుకుని ఒకసారైనా నాలుగు దిక్కులా కొలవాలి, కంటికి 15 మీటర్లు ఎప్పుడూ తక్కువగానే అనిపిస్తుంది. ఆకు రాలిన అడవిలో చెట్టును బెరడుతో పట్టాలి. నల్లమద్ది బెరడు లోతుగా పగిలి పలకలు పలకలుగా ఉంటుంది, చిరుమాను నున్నగా తెల్లగా మెరుస్తుంది. వాచర్ అన్నలు చెప్పిన పేరే రాసుకుని బెరడు, రాలిన ఆకు ఫోటో జతచేస్తాను. ఒక రేంజిలో ఒక చెట్టుకున్న పేరు పక్క రేంజిలో ఇంకో చెట్టుకు ఉండొచ్చు. లాంటానా, వయ్యారిభామ లాంటి కలుపు ఎంత కమ్ముకుందో విడిగా రాయాలి. దుప్పి గడ్డిని కలుపు తినేస్తే కొన్నేళ్లలో పులి ఆహారం తగ్గుతుంది, ఆ మార్పు మొదట తెలిసేది ఈ గడిలోనే.

1 మీటరు వ్యాసార్ధంలో నేల కప్పు: ఎండుటాకు, ఎండు గడ్డి, పచ్చ గడ్డి, కలుపు మొక్కలు, వట్టి నేల శాతాల్లో. మొత్తం 100 రావాలి. మొద్దులు, నరికిన కొమ్మలు, వెదురు కోత, పశువుల పేడ, కాలిన మచ్చ, మనుషుల కాలిబాట ఉన్నాయో లేదో రాయాలి. తమ బీటులో నరుకుడు ఉందని రాస్తే ప్రశ్నలు వస్తాయని కొందరు వెనకాడతారు. ఈ ఫారం ఎవరినీ నిలదీయడానికి కాదని పైఅధికారి ముందే గట్టిగా చెబితే తప్ప నిజం రాదు.

పెంటికల ప్లాటు ఓపిక అడుగుతుంది. లైనుకు అడ్డంగా 2 మీటర్ల వెడల్పు, 20 మీటర్ల పొడవు, ఒక చోట కుడివైపు, మరో చోట ఎడమవైపు. నిలబడి చూస్తే సగం కూడా కనిపించవు. మోకాళ్ల మీద కూర్చుని ఆకులు పక్కకు జరుపుతూ పోవాలి. పైపొర ఆకులు నిన్నటివి, వాటి కింద పెంటికలు పోయిన నెలవి ఉంటాయి. దుప్పివి చిన్నవి, ఒక చివర మొన, మరో చివర నొక్కు. కణితివి అదే పోలికలో బాగా పెద్దవి. మనుబోతు, కొండగొర్రె ఒకే చోటికి మళ్లీ మళ్లీ వచ్చి కుప్ప వేస్తాయి, ఆ కుప్పల సైజు చూసి రెంటినీ విడదీయొచ్చు. కుందేలువి గుండ్రంగా, గడ్డి పీచుతో బిళ్లల్లా ఉంటాయి. మేకలు తిరిగే బీటులో మేక పెంటికలను దుప్పివిగా రాసే ప్రమాదం ఎక్కువ, మంద వెళ్లిన డెక్కల గుర్తులు చుట్టూ చూసుకోవాలి. ఈమధ్యే మంట పాకిన చోట పెంటికలు ఉండవు. అక్కడ సున్నాతో పాటు కాలిందని కూడా రాయకపోతే ఆ సున్నాకు అర్థం మారిపోతుంది.

కెమెరాలు వేరే దశ. అడవిని 2 చదరపు కిలోమీటర్ల గడులుగా విభజించి, గడికి ఒక చోట బాటకు రెండు పక్కలా రెండు కెమెరాలు పెడతారు. పులి కుడిపక్క చారలూ ఎడమపక్క చారలూ ఒకటి కావు. ఒక్క కెమెరాతో ఒకరోజు కుడి, ఇంకోరోజు ఎడమ దొరికితే అవి ఒక పులివో రెండువో తేల్చలేం. మోకాలి ఎత్తున, అంటే సుమారు 45 సెంటీమీటర్ల దగ్గర, బాట మధ్య నుంచి మూడు నాలుగు మీటర్ల దూరంలో కట్టాలి. రెండూ సరిగ్గా ఎదురెదురుగా ఉంటే ఒకదాని ఫ్లాష్ ఇంకోదాని ఫోటోను తెల్లబరుస్తుంది, కాస్త పక్కకు జరపాలి. లెన్సు ఉదయపు సూర్యుడికీ సాయంత్రపు సూర్యుడికీ ఎదురు ఉండకూడదు. ముందున్న గడ్డి, వేలాడే కొమ్మ తీసేయాలి. ఇవి వేడినీ కదలికనూ పట్టే కెమెరాలు, ఎండలో ఊగే ఒక్క గడ్డిపరక కార్డునంతా నింపేస్తుంది.

కట్టాక ఒకరు వంగి పాకుతూ ముందు నుంచి దాటాలి, ఫోటోలో వీపు మధ్యలోకి వచ్చిందా చూడాలి. రెండు కెమెరాల గడియారాలూ నిమిషం తేడా లేకుండా కలపాలి, తేదీ రెండుసార్లు చూడాలి. బ్యాటరీ తీసి పెట్టగానే కొన్ని పాత సంవత్సరానికి వెళ్లిపోతాయి. కెమెరా నంబరు, చోటు, తేదీ రాసిన పలక పట్టుకుని మొదటి ఫోటో తీయాలి. కార్డు పేరు చెరిగినా ఆ ఫోటో ఏ చోటిదో చెబుతుంది. ఎలుగుబంట్లు వీటిని కొరుకుతాయి, చీమలు పెట్టెలో గూడు కడతాయి. కనీసం 25 రోజులు నడపాలి. మధ్యలో వెళ్లి చూసిన ప్రతిసారీ లాగ్‌లో రాయాలి, ఎందుకంటే పది రోజులకే చచ్చిపోయిన కెమెరాను 25 రోజులు పని చేసినట్టు లెక్కిస్తే అక్కడ పులి తిరగలేదన్న అబద్ధం పుడుతుంది.

పులి ఫోటో, పిల్లల ఫోటో, గుహ ఫోటో దొరికిన వెంటనే వాట్సాప్ గ్రూపుల్లో పెట్టే అలవాటు మానాలి. ఫోనులో తీసిన ఫోటోలోనే చోటు దాగి ఉంటుంది. వేటగాడికి అంతకంటే ఏం కావాలి?

కార్డులు దించే పని ఇద్దరు కూర్చుని చేయాలి. చోటు పేరుతో ఫోల్డరు, దాని లోపల కుడి, ఎడమ కెమెరాలకు విడివిడి ఫోల్డర్లు. రెండు వేర్వేరు డిస్కుల్లోకి కాపీ అయి, ఫోటోల సంఖ్య కార్డులోదానితో సరిపోయాకే కార్డు ఖాళీ చేయాలి. ఆ తర్వాత ఒక కంప్యూటర్ ప్రోగ్రాం ఫోటోలను జాతుల వారీగా వేరుచేస్తుంది, మరొకటి పులి పక్కల చారలను పోల్చి చూపిస్తుంది, చివరి నిర్ధారణ మనిషి కంటిదే. ఫోటోలతో పాటు ఏ కెమెరా ఏ తేదీ నుంచి ఏ తేదీ వరకు నిజంగా పని చేసిందన్న పట్టిక కూడా పంపాలి. ఆ పట్టిక లేకుండా వచ్చిన డిస్కును నేనైతే అందినట్టు సంతకం పెట్టను.